సాంచాల పక్కింట్లో జెకర్యా స్తుతి

వదిన చేసిన ఫోన్‌తో ఈ ప్రయాణం మొదలైంది. భివండీలో జీవితమంతా సాంచాల మీద, అంటే పవర్‌లూమ్‌ల మీద పనిచేసిన మా దానియేలన్నకు మనవరాలు పుట్టింది. మా ఇళ్లలో బిడ్డకు పేరు పెట్టే రోజు కృతజ్ఞత కూడిక ఉంటుంది. ఇంటి పెద్ద జెకర్యా స్తుతిని ఒక్కో వరుసగా చెబితే మిగతావాళ్లు అందుకుంటారు. చదువు రానివాళ్లు ఎక్కువగా ఉన్న కాలంలో మొదలైన పద్ధతి. కొడుకు పుట్టి పేరు పెట్టేదాకా నోట మాట లేకుండా ఉండిపోయిన జెకర్యా, మాట రాగానే దేవుణ్ణి స్తుతించిన పాట అది. చర్చిలో ఉదయ ఆరాధనలోనూ చెబుతాం. చిక్కల్లా అన్న గొంతుతోనే. ఆపరేషన్ అయ్యాక ఆయన నోటినుంచి గాలి తప్ప స్వరం రావడం లేదు. "నువ్వొచ్చి చదువు సుగుణా. ఆయనేమో నేనే చెప్త అంటున్నడు. నలుగుర్ల గొంతు రాక నిలవడితే ఎట్ల?" అంది వదిన. ఆమెకు ఏడుపొక్కటే తక్కువ.

నిజామాబాద్‌లో సాయంత్రం ముంబై రైలెక్కితే తెల్లవారాక కల్యాణ్‌లో దిగవచ్చు. బెర్తులు త్వరగా అయిపోతాయి. నాకు తత్కాల్‌లో దొరికింది. స్టేషన్ బయట భివండీ షేర్ ఆటోలుంటాయి, నేను యాభై రూపాయలు ఇచ్చాను. అన్నవాళ్లుండే కనేరి పేటకు వస్తున్నానని వదినతో ఫోన్‌లో చెబుతుంటే విని డ్రైవర్ తెలుగులోనే పిలిచాడు. "కనేరికా? కూసోండ్రి అక్కా. థానే దిక్కు నుంచి రాలే, మంచిగయింది. కాల్హేర్ గోదాంల ట్రక్కులు అంజూర్ ఫాటా కాడ అడ్డంవడితే పొద్దంత ఆడ్నే."

"ఇటు ట్రాఫిక్ ఉండదా?" అన్నాను.

"ఎందుకుండదు? గని ఇటు నేనున్న గద, ముచ్చట వెట్టుకుంట పోవచ్చు."

అన్నట్టుగానే కనేరి వచ్చేదాకా అతని నోరు మూతపడలేదు.

అన్నది రెండు గదుల ఇల్లు. వెనక గోడకు ఆనుకునే సాంచాల కార్ఖానా. అన్న గడప దాటి వచ్చి నా సంచి అందుకున్నాడు. పెదవులు కదిలాయి, నాకేమీ వినపడలేదు. "ఏందన్నా?" అన్నాను. అవతలి గదిలో పొయ్యి దగ్గరున్న వదిన తలెత్తి చూసి, "చాయ్‌ల నీకు చక్కెర తక్కువెయ్యమంటున్నడు," అంది. ఇన్నేళ్ల కాపురం, మొగుడి మనసు తెలియదా అనుకున్నాను.

ఆ గల్లీలో సాంచాలకు శుక్రవారం సెలవు. అందుకే ఇలాంటి కూడికలు అక్కడ ఆదివారం కాక శుక్రవారం పెట్టుకుంటారు. పదిగంటలకల్లా చాపలు నిండాయి. నా పక్కన, సాంచాలకు నూలు కండెలు చుట్టే శాంతక్క కూర్చుంది. వాళ్లది చర్చికి వెళ్లే ఇల్లు కాదు. "మీ వదిన మా బతుకమ్మకు రాదా? నేనూ గట్లనే వచ్చిన. కోడికూర వాసన గూడ వచ్చిందనుకో," అని నవ్వింది. నేను బైబిల్ తెరిచి, పేజీలో వేలు పెట్టుకుని సిద్ధంగా కూర్చున్నాను.

అన్న మనవరాలిని ఒళ్లోకి తీసుకున్నాడు. సరిగ్గా అప్పుడే గోడ అవతల సాంచాలు ఖటఖటమంటూ మొదలయ్యాయి. ముందురోజు కరెంటు పోయి పని ఆగిందట, సేఠ్ ఇవాళ నడపమన్నాడట. గోడ అదిరింది. వదిన గుండె మీద చెయ్యి వేసుకుని నావైపు చూసింది. ఆపమని చెప్పడానికి ఎవరో లేవబోతే అన్న చేత్తో వారించి కూర్చోబెట్టాడు. నన్ను కూడా. నేను లేచి నిలబడ్డానని అప్పటిదాకా నాకే తెలియదు.

ఆయన పెదవులు నెమ్మదిగా, విడివిడిగా కదిలాయి. ఆ రొదలో ఆ గాలి ఎవరికి వినపడుతుంది? కానీ ఆయన ఆగగానే చాపల మీది వాళ్లంతా ఒక్కసారిగా మొదటి వరుస పలికారు. ఆయన రెండోది చెప్పాడు, వాళ్లు అందుకున్నారు. శాంతక్క కూడా. చుట్టూ చూశాను. ఒక్కరూ చెవి ఒగ్గి వినడం లేదు, అందరి కళ్లూ అన్న నోటి మీదే. సాంచాల మధ్య పొద్దంతా గడిపేవాళ్లు ఒకరి మాట ఒకరు అట్లానే తెలుసుకుంటారు. ఆ రొదను దాటి పలకడమూ వాళ్లకు అలవాటే. స్తుతి చివరిదాకా ఎక్కడా తెగలేదు. నా వేలు ఆ పేజీలోనే ఉండిపోయింది.

చివర అన్న బిడ్డను పైకెత్తి ఇంకేదో అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు. వదిన కళ్లు తుడుచుకుంది. నాకొక్కదానికే అర్థం కాలేదు.

"ఏమన్నాడు?" అని శాంతక్క చెవిలో అడిగాను.

"అగో, గంత సాఫ్‌గ చెప్పిండు గదనే! రూతు. పిల్ల పేరు రూతు."

బగారన్నం, కోడికూర తిని, రాత్రి రైలుకు తిరిగి బయల్దేరాను. అన్న గొంతు తిరిగి వస్తుందో రాదో డాక్టర్లు చెప్పలేదు. వెళ్లేటప్పుడు ఆయన కోసం భయపడుతూ వెళ్లాను. వచ్చేటప్పుడు ఆ భయం లేదు. జెకర్యాకు మాట వచ్చాక స్తుతి వచ్చింది. మా అన్నకు మాట రాకుండానే వచ్చింది, అదీ ఇరుగుపొరుగు నోట. ఆ పాటను ఇన్నేళ్లుగా చెబుతున్నా ఇట్లా చెప్పవచ్చని నాకు తెలియదు. మీరూ కనేరిలో బంధువుల ఇంటికి వెళితే ఒక్కటి గుర్తుంచుకోండి: సాంచాలు నడుస్తుంటే "ఏందీ? ఏందీ?" అని అరవకండి. మాట్లాడేవాళ్లకు ఎదురుగా, వెలుతురు వాళ్ల ముఖం మీద పడేటట్టు కూర్చోండి.