గోడ దిగి వచ్చిన పిల్ల

మొన్న వనపర్తిలో టీ కొట్టు దగ్గర పేపరు తిరగేస్తుంటే, విద్యార్థుల గొడవల వల్ల ఏవో కాలేజీలకు పోలీసు రక్షణ ఇవ్వాలని కోర్టు చెప్పిందన్న వార్త కనబడింది. పక్కనాయన "మంచిగయింది, లేకుంటె పిలగాండ్లు వింటరా?" అన్నాడు. నేను చాయ్ సగంలోనే వదిలేసి ఇంటికొచ్చాను. అలాంటి రక్షణ పొందినవాళ్లలో నేనూ ఒకణ్ణి మరి.

అప్పట్లో గద్వాలలో ఒక ప్రైవేటు డిగ్రీ కాలేజీలో ఎకనామిక్స్ చెప్పేవాణ్ణి. నాకు మనుషుల పేర్లు నిలవవు. పెళ్లయిన కొత్తలో మరదళ్ల పేర్లు తారుమారు చేసి ఇంటిల్లిపాదినీ నవ్వించినవాణ్ణి. హాజరు నంబర్లతోనే అయిపోయేది కాబట్టి, పిల్లల్ని వాళ్ల ఊరి పేరుతో పిలిచేవాణ్ణి. "ఏమయ్యా కొల్లాపూరు, మామిడిపండ్లు అన్నీ మీరే తింటరా?" అంటే మర్నాడు సంచినిండా వచ్చేవి. ఇటిక్యాల నుంచి వచ్చేవాళ్లు ఇద్దరు ముగ్గురున్నా, ఆ పేరు స్థిరపడింది మాత్రం మొదటి బెంచీలో కూర్చునే ఒకమ్మాయికే. కానిస్టేబుల్ ఉద్యోగం కోసం రోజూ పొద్దున్నే కాలేజీ మైదానంలో పరుగెత్తేది. చెమటతోనే క్లాసుకొచ్చి, "ఉరికి ఉరికి ఆకలైతుంది సార్, జర జల్ది ఇడువుండ్రి" అనేది.

అక్కడ విత్తన పత్తి సాగు ఎక్కువ. పూత కాలం వస్తే క్రాసింగు పని, అంటే ఒక్కో పువ్వుకూ చేత్తో పుప్పొడి రుద్దాలి. ఆ రోజుల్లో సగం క్లాసు చేలల్లోనే ఉండేది. ఏటా మేం చూసీ చూడనట్టు పోయేవాళ్లం. ఆ ఏడు కొత్తగా వచ్చిన యాజమాన్యం హాజరు తక్కువైనవాళ్లకు హాల్‌టికెట్ ఇవ్వనంది. పిల్లలు గేటు మూసి కూర్చున్నారు, కిటికీ అద్దాలు పగిలాయి. యాజమాన్యం హైకోర్టుకు వెళ్లి పోలీసు రక్షణ తెచ్చుకుంది. ఎండకు తాళలేక కానిస్టేబుళ్లు నా క్లాసులో వెనక బెంచీల్లో కూర్చునేవారు. ఒకాయన గిరాకీ, సరఫరా పాఠానికి హాయిగా గురక పెట్టాడు. నిజం చెప్పొద్దూ, వాళ్లుంటే నాకూ ధైర్యంగానే ఉండేది.

కొన్నాళ్లకు పిల్లలు మళ్లీ గొడవకు వచ్చారు. మొహాలకు చున్నీలు, తువ్వాళ్లు చుట్టుకుని ప్రహరీ గోడ ఎక్కి నినాదాలు మొదలుపెట్టారు. ఎస్సై లాఠీలు తీయించాడు. గోడ మీద నిలబడ్డ తీరును బట్టి ఆ అమ్మాయిని గుర్తుపట్టాను. కిందంతా గాజుపెంకులు. "ఏయ్ ఇటిక్యాలా! దిగు బిడ్డా, కాలు ఇరుగుతది!" అని క్లాసులో అరిచినట్టే అరిచాను.

"వస్తున్న సార్!" అంది. మిగతావాళ్లంతా అవతలికి దూకి పారిపోయారు. ఆమె మాత్రం ఇవతలికి, నా వైపు దిగింది. మొహం మీది చున్నీ తీసేసి నా ముందుకొచ్చి నిలబడింది. సార్ పిలిచాడు కదా. మహిళా కానిస్టేబుల్ వచ్చి ఆమె చెయ్యి పట్టుకుంది.

సాయంత్రం స్టేషన్‌కు వెళ్లి బతిమాలాను. "పేరేంది సార్ ఆ పిల్లది?" అన్నాడు ఎస్సై. నాకు తెలిసింది ఊరి పేరొక్కటే. "ఇటిక్యాల" అన్నాను. ఆయన నవ్వి, ముందున్న కాగితం చూసి తనే చెప్పాడు. అన్నాళ్లు పాఠం చెప్పిన పిల్ల పేరు మొదటిసారి పోలీసు నోట విన్నాను. "కోర్టు ఆర్డర్ ఉన్నది సార్, నా చేతుల ఏం లేదు" అన్నాడాయన.

పరీక్షల ముందు యాజమాన్యం దిగొచ్చి అందరికీ హాల్‌టికెట్లు ఇచ్చింది. కిటికీలకు కొత్త అద్దాలు వేయించారు. ఆమె మీద కేసు మాత్రం ఉండిపోయింది. కానిస్టేబుల్ పరుగులో నెగ్గింది, రాతపరీక్షలోనూ నెగ్గింది. కేసుందని ఉద్యోగం ఆపేశారు. ఆ సంగతి చెప్పడానికి మా ఇంటికొచ్చి, "మీరేం జేస్తరు సార్, నా నసీబు గట్లున్నది" అంది. తిట్టినా బాగుండేది.

పోయినేడు పూత కాలంలో పనిమీద గద్వాల వెళ్లాను. క్రాసింగు కూలీలతో నిండిన ఆటో ఒకటి రోడ్డు పక్కన ఆగి ఉంది. అందులో ఆమె కనిపించింది, ఒళ్లో సద్ది గిన్నెతో. ఈసారి నాకు పేరు తెలుసు, నోటిదాకా వచ్చింది కూడా. పిలిస్తే ఇప్పటికీ దిగి వస్తుంది. అది తెలిసే పిలవలేకపోయాను. ఏళ్లు గడిచేకొద్దీ తప్పు చిన్నదవుతుందనుకునేవాణ్ణి. నాది మాత్రం నాతోపాటే పెద్దదవుతోంది.