ముప్పై రోజుల కాగితం

నా చిన్నప్పుడు గోడ మీద అక్షరం కనిపిస్తే చాలు, నా నోరు ఊరుకునేది కాదు. సబ్బు ప్రకటనలు, బస్సుల మీది ఊళ్ల పేర్లు, అన్నీ గట్టిగా చదివేసేదాన్ని. చదవడం నేర్పింది పక్కింటి అక్క. మా మార్కాపురంలో పలకలకు కరువేముంది? పలకల ఫ్యాక్టరీ పక్కన పారేసిన ముక్కలు ఏరుకొచ్చి, వాటి మీదే నాచేత అక్షరాలు దిద్దించింది.

మా నాయన రిజిస్ట్రారు ఆఫీసు బయట చిన్న బల్ల వేసుకుని దస్తావేజులు రాసేవాడు. అక్కా, గడియారాలు బాగుచేసే సాయిబుల అబ్బాయీ పెళ్లి చేసుకోవాలనుకున్నారనీ, వాళ్ల కాగితం రాసిపెట్టింది మా నాయనేననీ నాకు తరువాత తెలిసింది. మతాలు వేరైనవాళ్లు ఆఫీసులో పెళ్లాడాలంటే ముందు నోటీసు ఇవ్వాలి. దాన్ని ముప్పై రోజులు బోర్డుకు పెడతారు. వయసు చాలలేదనో, ఇదివరకే పెళ్లయిందనో ఎవరైనా చెబితే విచారిస్తారు. మతం వేరంటే చెల్లదు. గడువు దాటాక ముగ్గురు సాక్షుల ముందు సంతకాలు.

అక్కకు భయం చట్టం గురించి కాదు, ఇంట్లోవాళ్ల గురించి. అయితే ఆ ఇంట్లో చదువొచ్చింది ఆమె ఒక్కదానికే. బోర్డు ముందు నిలబడినా వాళ్లకేమీ తెలియదని అక్కా, ఆ అబ్బాయీ, మా నాయనా ధైర్యంగా ఉన్నారు.

ఒక మధ్యాహ్నం నాయనకు క్యారియరు తీసుకెళ్లి, బోర్డు మీద అక్క పేరు చూశాను. పొంగిపోయాను. సాయంత్రం పక్కింటి వసారాలో పెద్దమ్మ, అంటే అక్క వాళ్లమ్మ, వేరుశనక్కాయలు ఒలుస్తోంది.

"పెద్దమ్మా, అక్క పేరు ఆఫీసులో అంటించినారు, తెలుసునా?"

"ఏమని అంటించినారే?"

పాఠం ఒప్పజెప్పినట్టు ఒక్క మాట పోకుండా చెప్పాను. అబ్బాయి పేరు, వాళ్ల నాయన పేరు, వివాహం అనే మాట. అక్క లోపలి నుంచి పరుగున వచ్చి గడప దగ్గర ఆగిపోయింది. నన్ను తిట్టలేదు. "బాగ చదివినావులే, ఇంటికి పోమ్మా" అంది.

తెల్లారేసరికి ఆమెను కొనకనమిట్ల వైపు చుట్టాలింటికి పంపించేశారు. గడువుకింకా ఆరు రోజులే ఉన్నాయి. ఆ గడువు దాటిన రోజున గడియారాల అన్న ఇస్త్రీ చొక్కా వేసుకుని, ముగ్గురు సాక్షులతో వచ్చి ఆఫీసు మూసేదాకా కూర్చున్నాడట. నోటీసు ఇచ్చిన మూడు నెలల్లో పెళ్లి జరగకపోతే అది పనికిరాదు. ఆ మూడు నెలలు నిండేదాకా వస్తూనే ఉన్నాడు. ఈలోగా అక్కకు ఎవరితోనో ముడిపెట్టేశారు.

ఆ తరువాత గడియారాల అన్న మా ఇంటికొచ్చాడు. నేను తలుపు వెనక ఉన్నాను.

"మామా, వాళ్లకెట్ల తెలిసింది? చదివి చెప్పినోళ్లెవురు?"

నాయన నా వైపు చూడనైనా లేదు. "నా నోరే జారింది అబ్బాయ్. తప్పు నాదే."

ఆయన చెప్పులేసుకుని వెళ్లిపోయాడు. మళ్లీ మా గడప తొక్కలేదు. నాయన నోట్లో మాట దాగదని బజారులో పేరు పడింది, రాయించుకునేవాళ్లు కొందరు వేరే బల్లలు చూసుకున్నారు. నేను ఏడుస్తుంటే నాయన దగ్గరికి తీసుకుని, "నువ్వు చదివింది తప్పు గాదు తల్లీ. ఒకరి సంగతి ఎవురి ముందర చదవాలనో అది చూసుకో" అన్నాడు. అంతకు మించి ఎప్పుడూ ఆ ఊసెత్తలేదు.

అప్పటి నుంచి ఎవరి కాగితం కంటబడినా నా పెదవులు కదలవు. కానీ చెప్పాల్సిన చోట కూడా నేను నోరు విప్పలేకపోయాను.

చాలా ఏళ్లకు నాయన పోయినప్పుడు గడియారాల అన్న రాలేదు. కర్మకాండలయ్యాక, ఇక చెప్పేద్దామని దుకాణానికి వెళ్లాను. ముసలివాడైపోయిన అన్న కంటికి అద్దం పెట్టుకుని ఒక వాచీ మీదికి వంగి ఉన్నాడు. నన్ను గుర్తుపట్టలేదు.

"ఏంది కావాలమ్మా?" అన్నాడు.

వాచీకి పట్టీ కావాలన్నాను. కొనుక్కుని వచ్చేశాను. ఆయన మనసులో మా నాయన ఇంకా దోషిగానే ఉన్నాడు. అలా ఉంచింది నేనే.