వాగు అవతలి గడప

పోయిన నెల ఎల్లారెడ్డిలో ఒక పెండ్లికి వెళ్లి తిరిగి వస్తూ మా పల్లె మలుపు దగ్గర కామారెడ్డి బస్సు దిగాను. వాగు మీది కల్వర్టు దాకా నడిచేసరికి అక్కడ కొత్త బోర్డు కనిపించింది. నీలం రేకు మీద తెల్లటి అక్షరాలతో మా పల్లె పేరు, దాని కింద గ్రామ పంచాయతీ అన్న మాట. ఆ మాట కోసం మా వాళ్లు మూడు తరాలుగా ఎదురుచూశారు కనుక నేను సంతోషపడవలసిందే, పడ్డాను కూడా. కానీ దాన్ని ఏ ఒడ్డున పాతారో చూశాక అక్కడే ఆగిపోయాను. పల్లె వైపు ఒడ్డున పాతారు. రోడ్డు వైపు ఒడ్డున, ఆ బోర్డుకు సరిగ్గా ఎదురుగా, మా అక్క ఇల్లు ఉంది.

ఆ సాయంత్రం పాత డైరీలు ముందేసుకుని కూర్చున్నాను. బాన్సువాడలో గుమాస్తాగా చేరిన నాటి నుంచి రాస్తున్నవి. వానలు, బస్సులు, ఇంటికి వచ్చిపోయిన వాళ్ల సంగతులు తప్ప వాటిలో విశేషాలేమీ ఉండవు. అయినా నా ఈడు వాళ్లకు తెలుసు, విశేషం లేని పేజీలే ఎక్కువసేపు చదివిస్తాయి.

మా పల్లెను నడిమిపల్లె అంటారు. ఎవరో ముచ్చటపడి పెట్టిన పేరు కాదు, రెండు ఊళ్ల మధ్య ఉంది కాబట్టి అలా పిలిచారు, అదే నిలిచింది. బాటకు ఎడమ వైపు ఇండ్లు తూర్పు ఊరి పంచాయతీ కింద, కుడి వైపు ఇండ్లు పడమటి ఊరి పంచాయతీ కింద ఉండేవి. ఎదురెదురు ఇండ్లలో ఉండే అన్నదమ్ములు ఓటు వేయడానికి చెరో దిక్కు నడిచేవారు. వీధి దీపం స్తంభం కుడి పక్కన ఉండేది, వెలుతురు ఎడమ పక్కన పడేది. బల్బు పోతే మార్చవలసింది ఎవరన్న తగువు తేలక కొన్ని వానాకాలాలు చీకట్లోనే గడిపాం. బోరు ఎండితే ఈ ఊరి వాళ్లు ఆ ఊరి వాళ్లను అడగమనేవారు, ఆ ఊరి వాళ్లు ఈ ఊరి వాళ్లను అడగమనేవారు. ఇద్దరి కిందా ఉన్నామంటే ఎవరికీ లేమని అర్థం.

అసలు ఈ పల్లె మొదట ఇప్పుడున్న చోట లేదు. మా తాత, ఆయనతో వచ్చిన మరో మూడు కుటుంబాలు అడవి కొట్టి పొలం చేసుకున్నది రోడ్డు వైపు ఒడ్డునే. మా అక్క చంటిపిల్లగా ఉన్నప్పుడు గత్తర, అంటే కలరా, తగిలి మిగిలిన వాళ్లంతా వాగు దాటి ఇవతల గుడిసెలు వేసుకున్నారు. మా నాయనమ్మ మాత్రం కదలనన్నదట. పాలు మరిచిన మనవరాలిని ఒళ్లో పెట్టుకుని ఆ ఇంట్లోనే ఉండిపోయింది. నేను పుట్టింది ఇవతలి ఒడ్డున, అక్క పెరిగింది అవతలి ఒడ్డున. తరువాత అక్కకు పెండ్లయింది, బావ భివండి మగ్గాల పనికి పోయి అక్కడే కన్నుమూశాడు, పిల్లలు లేని అక్క మళ్లీ నాయనమ్మ ఇంటికే వచ్చి బీడీలు చేసుకుంటూ బతికింది.

రెండు వేల తొమ్మిదిలో నేను రిటైరై, బాన్సువాడలోని అద్దె ఇల్లు ఖాళీ చేసి, సామానంతా లారీకెత్తించి పల్లెకు వచ్చాను. ఆ ఏడు వానలు సరిగా లేవు కాబట్టి మా ఇంటావిడకు తెలియలేదు, మరుసటి ఏడు తెలిసింది. వాగు వచ్చిందంటే పల్లెకు తలుపు పడినట్టే. వెనుక అడవి, పక్కన బురద పొలాలు, ముందు ఎర్రటి నీళ్లు. అవతల రోడ్డు మీద బస్సులు పోతూ కనిపిస్తూనే ఉంటాయి, హారన్ కూడా వినిపిస్తుంది, పోవడానికి మాత్రం లేదు. మా ఇంటావిడ కిటికీ దగ్గర నిలబడి, ఏ తప్పు చేసి ఈ జైలుకు వచ్చామని నన్ను అడిగేది. నేను డైరీలో వాగు మట్టం రాసుకునేవాణ్ణి.

ఆ రోజుల్లో పల్లెకు బయటి లోకం అంటే మా అక్కే. మందులు, ఉత్తరాలు, బీడీ కార్ఖానా నుంచి వచ్చే తునికాకు కట్టలు అన్నీ ఆమె వసారాలో దిగేవి. నీళ్లు తగ్గేదాకా వాటిని తడవకుండా కాచేది. ఒడ్డున నిలబడి కబుర్లు అరిచి చెప్పేది. వాగు మీదుగా మాట్లాడటం ఒక విద్య. మాటను రెండు ముక్కలు చేసి, చివరి అక్షరాన్ని సాగదీసి, నీళ్ల చప్పుడు తగ్గిన క్షణం చూసి విసరాలి. అక్క మాట ఒక్కటీ నీళ్లలో పడేది కాదు. బడికి సెలవు, ఫలానా ఇంట్లో ఆడపిల్ల పుట్టింది, బస్సులు బంద్, ఇవన్నీ ఆమె గొంతులోంచే మాకు చేరాయి.

పల్లె నడుమ బొడ్రాయి, అంటే ఊరికి బొడ్డులాంటి రాయి, పెట్టాలన్న మాట రెండు వేల పన్నెండు ఎండాకాలంలో వచ్చింది. మొదట అన్నది మా చిన్నాయన కొడుకు. పల్లెలో నలుగురినీ కూడగట్టగల మనిషి అతనే. బొడ్రాయి లేని చోటును ఊరనరు కదా. దాని పక్కన నిలబడి అడిగితే ఏ ఆఫీసైనా వింటుందని అతని నమ్మకం. అందరికంటే ఎక్కువ సంబరపడింది అక్క. బొడ్రాయి నిలిపే రోజు ఊరి ఆడబిడ్డలంతా పుట్టింటికి వచ్చి రాయికి బిందెడు నీళ్లు పోస్తారు, పుట్టింటి వాళ్లు వాళ్లకు ఒడిబియ్యం పోస్తారు. పల్లెకు బొడ్రాయే లేదు కాబట్టి మా ఆడబిడ్డలెవరికీ ఆ మర్యాద దక్కలేదు. అక్క ఆకుపచ్చ చీర కొనుక్కుని, ఇత్తడి బిందెను చింతపండుతో తోమి బోర్లించి పెట్టుకుంది. బిచ్కుంద, పిట్లం దిక్కు నుంచి ముందు రోజే వచ్చిన ఆడబిడ్డలు బస్సు దిగి కాళ్లు కడుక్కున్నది అక్క వాకిట్లోనే.

ఆ రోజుకొక కట్టడి ఉంది. తెల్లవారగానే బైండ్లాయన, అంటే ఈ పూజలు చేసే ఆయన, పసుపు కలిపిన పొలి అన్నం చల్లుకుంటూ ఊరి చుట్టూ పరుగెత్తుతాడు. పరుగు ఆగకూడదు, వెనక్కి చూడకూడదు. వెంట పోయే వాళ్లు, చుట్టు తిరిగి రాయి దగ్గరికి చేరేదాకా నోరు విప్పకూడదు. పొలి పడిన గీతే పొలిమేర. ఇక పొద్దు మునిగేదాకా లోపలి వాళ్లు బయటికి పోరాదు, బయటి వాళ్లు లోపలికి రారాదు. ముందు రోజు మా చిన్నాయన కొడుకూ నేనూ కలిసి ఆ దారి అంతా సున్నంతో గుర్తులు పెట్టాం. వాగు దాటి, అక్క ఇంటి వెనకగా తిరిగి, మళ్లీ వాగు దాటి వచ్చేలా పెట్టాం.

మిరుగు, అంటే మృగశిర కార్తె, అప్పుడే వచ్చింది. ఎగువన ఎక్కడో వాన పడిందేమో, తెల్లారేసరికి వాగు మొలలోతు పారుతోంది. పొలి బుట్టతో బైండ్లాయన ఒడ్డుకు వచ్చాడు. దిగితే కొట్టుకుపోతాడు, నిలబడితే కట్టు తెగుతుంది. ఆయన ఇవతలి ఒడ్డు వెంటే మళ్లి పరుగెత్తాడు. వెంట ఉన్న వాళ్లంతా చూశారు. సున్నం గుర్తులు అవతల ఉన్నాయని అందరికీ తెలుసు. ఒక్కరూ మాట్లాడలేదు, మాట్లాడరాదు కాబట్టి. రాయి దగ్గర కాచుకుని ఉన్న నాకు, చుట్టు ముగిసి నోళ్లు విడిన తరువాత మా చిన్నాయన కొడుకు చెప్పిన మొదటి మాట అదే. పల్లెకు మొదటి ఇల్లు పొలిమేర బయట పడింది.

మళ్లీ పొలి చల్లితే కాదా అని అడిగాను. బైండ్లాయన తల అడ్డంగా ఊపాడు.

"పొలి మీద పొలి పొయ్యరాదు సారూ. రెండు గీతలైతే ఊరు రెండైతది."

నేనూ మా చిన్నాయన కొడుకూ ఒడ్డుకు వెళ్లాం. అవతల అక్క ఆకుపచ్చ చీర కట్టుకుని, బిందె చంకన పెట్టుకుని నిలబడి ఉంది. సంగతి ఆమెకు అప్పటికే తెలిసిపోయింది. బైండ్లాయన మళ్లిన చోటు ఆమె కళ్లెదుటిదే.

"ఏందిరో! మీ ఊరికి నేను చుట్టాన్నైతినా?" అని అరిచింది. నవ్వుతోందనే అనుకున్నాను.

"వాగొచ్చె గదక్కా! ఏం జెయ్యాలె?" అన్నాడు మా చిన్నాయన కొడుకు.

"వాగు నాకు కొత్తనా? మీ మందులు, మీ ఆకు కట్టలు ఎన్నిమాట్ల కాసిన! గా రోజుల్ల నా ఇల్లు ఊర్లనే ఉండె గద!"

అతను వెనక్కి మళ్లి రాయి దగ్గరికి నడిచాడు. మధ్యాహ్నానికి నీళ్లు తీశాయి. చీలమండలు తడిసేంత మాత్రం మిగిలాయి, ఇసుక తేలింది. ఆడబిడ్డలు ఒక్కొక్కరే రాయికి నీళ్లు పోస్తుంటే మోగే డప్పుల చప్పుడు వినిపిస్తూ ఉంది. నేను మళ్లీ ఒడ్డుకు వచ్చాను. అక్క అక్కడే, బిందె పక్కన దించి, చాట ఒళ్లో పెట్టుకుని బీడీలు చుడుతోంది. మా మధ్య అరవవలసినంత దూరం కూడా లేదు.

"తమ్మీ, గీ నీళ్లల్ల కోడిపిల్ల గూడ మునుగది. రమ్మంటవా?"

నా వెనుక నిలబడ్డ మా చిన్నాయన కొడుకు చేతులు జోడించాడు. "వద్దక్కా, కాళ్లు మొక్కుత. కట్టు తెగితె ఏ ఇంట్ల ఏమైనా నీ మీదికే వస్తది. పొద్దు మునగనియ్యి, నేనే వచ్చి తోల్కపోత."

"పొద్దు మునిగినంక పోసే నీళ్లు ఎవరికిరా?"

ఆమె దాటగలదు. ఎవరూ చేయి పట్టి ఆపేవారు కాదు. కానీ ఆ ఊరు నిలవాలని అందరికంటే ఎక్కువ కోరుకున్నది ఆమే. ఆ కోరికే ఆమె కాళ్లను కట్టేసింది. నేనూ దిగి పోగలను, పోలేదు. ఉద్యోగంలో ఎన్ని హద్దు తగువుల కాగితాలు చూశానో, ఇటువంటి గీత ఒక్కటీ చూడలేదు. కంటికి కనిపించదు, కాలికి తగలదు, మనిషిని మాత్రం కదలనివ్వదు. ఇద్దరం అలాగే కూర్చున్నాం. ఆమె తలెత్తకుండా బీడీలు చుడుతూనే ఉంది.

పొద్దు మునగగానే మా చిన్నాయన కొడుకు పరుగున వాగు దాటాడు, నేను వెనకే వెళ్లాను. బిందె ఖాళీగా ఉంది. గడప తడిగా ఉంది, పసుపు కొత్తగా మెరుస్తోంది.

"పోసిన," అన్నది అక్క. "నాయనమ్మ పెట్టిన గడప. మీ రాయి కన్న పాతది."

ఒడిబియ్యం పట్టుకెళితే తీసుకుంది, కాదనలేదు. అన్నం వండి మాకే పెట్టింది. ఆనాటి నా డైరీలో వాగు వచ్చింది, తగ్గింది అని మాత్రమే ఉంది.

ఆ తరువాతి ఏళ్లలో మాటలు మెల్లగా మారాయి. అక్క ఇల్లు అనే వాళ్లు అవతలి ఇల్లు అనసాగారు. రాష్ట్రం వచ్చిన సంబరాల్లో పల్లె చుట్టూ కట్టిన రంగు కాగితాలు వాగు దగ్గర ఆగాయి. పిల్లలు ఆడుకుంటూ కూడా వాగునే పొలిమేర అనేవారు. అటు తరువాత పల్లెను పంచాయతీ చేసే రోజు వచ్చి, ఆఫీసు నుంచి వచ్చిన వాళ్లు మీ హద్దు ఎక్కడిదాకా అని అడిగితే, పెద్దలు, పిల్లలు అందరూ ఒక్క వేలుతో వాగును చూపారు. అబద్ధమేమీ కాదు. పొలి పడింది అక్కడే కదా. నేను అక్క ఇంటి సంగతి ఎత్తాను. మా చిన్నాయన కొడుకు కండ్లు తుడుచుకుంటూ, ఇప్పుడు గీత మారిస్తే ఊరికి ఏమైనా అయితే ఎవరు పూచీ అన్నాడు. అతనూ ఆ గీతలోనే చిక్కుకున్నాడని అప్పుడు అర్థమైంది. అక్క ఇల్లు తూర్పు ఊరి కిందే ఉండిపోయింది. ఆ ఊరి వాళ్లు ఆమెను నడిమిపల్లె ముసలమ్మ అంటారు.

ఇప్పుడు కల్వర్టు పడింది. వాగు ఎంత వచ్చినా పల్లెలో ఎవరూ ఆగిపోరు, ఎవరూ ఎవరికీ ఒడ్డున నిలబడి కబురు అరవరు. ఆ విద్య తెలిసిన గొంతులు రెండో మూడో మిగిలాయి. మందులు, సామాన్లు మోటారు సైకిళ్ల మీద అక్క వాకిలి దాటి నేరుగా పోతున్నాయి. ఆ వసారాలో దించవలసిన అవసరం ఎవరికీ లేదు.

పోయిన నెల బోర్డు చూసి నేను ఆగిపోయినప్పుడు అక్క వసారాలోనే కూర్చుని ఉంది. చూపు తగ్గింది, చదువు ఎలాగూ లేదు.

"గా రేకు మీద ఏం రాసిండ్రురా తమ్మీ?"

"పల్లె పేరక్కా. పైన స్వాగతం అని రాసిండ్రు."

"అంటే?"

"రమ్మంటుండ్రు."

చేతిలోని ఆకును చాటలో పెట్టింది. "నేను పుట్టిన్నాడు ఊరంత గిక్కడనే ఉండె. పోయినోళ్లు వాళ్లు," అన్నది. "నన్ను రమ్మనేది వాళ్లా?"

నేను కల్వర్టు ఎక్కి ఇవతలికి వచ్చి, బోర్డు వెనకవైపు చూశాను. పల్లె నుంచి అక్క గడప వైపు పోయేవాళ్లకు కనిపించే ఇటు వైపు పెయింటరు ఏమీ రాయలేదు.