కోర్టు మనిషి వచ్చిన పొద్దు వేసిన ముగ్గు

మా గేరిలో ఉరుకుందమ్మత్తను వీధంతా రొట్టెలామె అనేవాళ్ళు. నాకు చుట్టం కాదు, ఎదురిల్లు. ఆమె జొన్నరొట్టె తట్టే చప్పుడు వింటే పొద్దెంతయిందో తెలిసిపోయేది. మొగుడు పత్తి మిల్లులో పోయినాక ముప్పై ఏండ్లు ఆ పెనం మీదే బతికింది. నోరు గట్టిది. రొట్టె మాడిందని ఎవరన్నా అంటే, "నీ పెండ్లాం చేసేదానికంటే మేలేలే, తిను" అనేది.

మా ఇండ్ల ముందర మురికి కాలువ. దాని పక్కనే కొళాయి గుంతలు. నీళ్ళు మూడు దినాలకొకసారి వస్తాయి, అదీ సన్నగా. అందుకే అందరమూ నేల తవ్వి పైపు కిందికి దించుకున్నాము. వాన పడితే కాలువ పొర్లి ఆ గుంతల్లోకి దిగుతుంది. నా కూతురు నీలవేణి ఆ నీళ్ళు తాగే పోయింది. తొమ్మిదేండ్లు. వాంతులు, భేదులు, రెండే దినాలు. ఆసుపత్రి కాగితంలో మాత్రం జ్వరమని రాసినారు.

నేను ఏడ్చి ఊరుకున్నాను. అత్త ఊరుకోలేదు. మునిసిపాలిటీ ఆఫీసుకు మూడుసార్లు పోతే, "గుంతలు తవ్వుకున్నది మీరే కదమ్మా" అన్నారంట. నాలుగోసారి నేరుగా కోర్టుకు పోయింది. అక్కడ పేదోళ్ళకు ఊరికే వాదించే లాయరమ్మ, సుహాసిని అని, ఆమెతో పిటిషను రాయించింది. కాలువ మీద బండలు పరచాల, కొళాయి పైపు దూరంగా వేయాల. అంతే అడిగింది.

ఆ కాగితం తెచ్చి నా చేతిలో పెట్టి, "చదువు" అన్నది. ఆమెకు అక్షరం రాదు. నాది ఐదో తరగతి. కూడబలుక్కుంటూ చదివి, బిడ్డ పేరు దగ్గర ఆగిపోయినాను.

"ఆగొద్దు. జ్వరం కాదని రాసినారా లేదా?"

"రాసినారత్తా."

పది నెలలు వాయిదాలు. వాయిదా ఉన్న పొద్దు పొయ్యి వెలిగేది కాదు. పక్కింటి తిక్కమ్మ ఎగతాళి చేసేది.

"ఏమత్తా, జడ్జిగారికి రొట్టెలు కట్టుకొని పోతాండావా?"

"పోతాండా. నీ మొగుడు తాగి పడే కాలువకు బండలేయించేకి. మెత్తగా ఉండదని బాధపడతాడేమో, అడిగి చెప్పు."

ఆఖరికి జడ్జిగారు ఒక లాయరును పంపుతానన్నాడు, గేరి చూసి రాసుకొని రమ్మని. "ఉన్నది ఉన్నట్టు చూస్తాడంట" అని అత్త ఇంటింటికీ చెప్పింది. మంగళవారం పొద్దున్నే ఆయన్ను పిలుచుకొచ్చేకి కోర్టుకు పోయింది.

ఆ పొద్దు మొదట చీపురు పట్టింది నేనే.

అత్త చెప్పిన మాట విన్నాను. అయినా పెద్దమనిషి వస్తాండాడు, నా బిడ్డ కోసం వస్తాండాడు, ముంగిలి పెంటగా ఉంటే ఎట్లా అనిపించింది. నన్ను చూసి తిక్కమ్మ పార తెచ్చి కాలువలో సిల్టు ఎత్తింది. తక్కినోళ్ళు బిందెలతో నీళ్ళు కొట్టి కడిగినారు. నేను వాకిట్లో పదకొండు చుక్కల ముగ్గు వేసినాను. నీలవేణి పోయినాక వేసిన మొదటి ముగ్గు అదే.

ఆటోలోంచి ముందు అత్త దిగింది. ముగ్గును చూసింది, నన్ను చూసింది.

ఆ లాయరు ముగ్గు తొక్కకుండా పక్కనుంచి నడిచినాడు. ఫోటోలు తీసుకున్నాడు. తిక్కమ్మ ఇచ్చిన టీ తాగి, "శుభ్రంగానే పెట్టుకున్నారే" అన్నాడు.

"సారూ, ఇదంతా ఈ పొద్దు చేసింది. రెండు దినాలు పోనిచ్చి రాండి, మీకే తెలుస్తుంది" అన్నది అత్త.

"చూసిందే రాయాలమ్మా నేను. చూడబోయేది కాదు."

మునిసిపాలిటీ లాయరు ఆ రిపోర్టునే చదివి వినిపించినాడంట. పిటిషను కొట్టేసినారు.

నేను పోయి అత్త కాళ్ళు పట్టుకున్నాను.

"లే. ఇంటికొచ్చే మనిషికి పెంట చూపించేకి మనకు చేతకాదు. ఆ సంగతి మునిసిపాలిటీ వాళ్ళకు బాగా తెలుసు" అన్నది. అన్నదే గానీ, నెల దాకా నాకు రొట్టె అమ్మలేదు. పోయి నిలబడితే, "అయిపోయినాయి" అనేది, గంపలో కనపడతానే ఉండేవి.

తర్వాత మళ్ళా పిటిషను వేసింది. అది నడుస్తుండగానే వానలు వచ్చినాయి. ఈసారి ఆమెకే పట్టుకున్నాయి వాంతులు. నీలవేణికంటే ఒక దినం ఎక్కువ ఉన్నది. కాగితంలో మళ్ళా జ్వరమే.

శవాన్ని చూసేకి కౌన్సిలరు వస్తాడని తెలిసి, మునిసిపాలిటీ వాళ్ళు ముందే వచ్చి కాలువ తీసి, రెండు పక్కలా తెల్లగా బ్లీచింగు చల్లినారు. ఆయన అటూ ఇటూ చూసి, "గేరి బాగుందే" అన్నాడు. నోరెత్తే మనిషి పాడె మీద ఉంది.

దినాలు అయినాక అత్త కాగితాల సంచి తీసుకొని నేనే కోర్టుకు పోయినాను. "ఆమె పేరు బదులు ఇంకొకరి పేరు పెట్టాలమ్మా" అన్నది లాయరమ్మ. నా పేరు చెప్పి సంతకం చేసినాను.

ఇంటికి వచ్చేసరికి తిక్కమ్మ వాకిట్లో కూర్చోని ఉంది.

"కోర్టోళ్ళు మళ్ళా వస్తారంటనా అక్కా? ఎప్పుడో ముందే చెప్పు, నాలుగు బిందెలు పట్టిపెడతా. ముంగిలి కడగాల కదా."

"చెప్పను" అన్నాను.