శైలన్న ఆఖరి పట్టు

నేను దెయ్యాలను నమ్మను. ఇలాంటివి రాసేవాళ్ళందరూ మొదట ఈ మాటే అంటారని తెలుసు. నా వరకు కారణం కూడా చెప్పగలను. సాఫ్ట్‌వేర్‌లో తప్పులు వెతకడం నా ఉద్యోగం. ఎవరైనా వచ్చి తెర మీద ఏదో వింత కనిపించిందంటే మేం అడిగేది ఒక్కటే: మళ్ళీ రప్పించగలవా? మళ్ళీ రప్పించలేనిది మా లెక్కలో జరగనట్టే. దెయ్యం కథలన్నీ నాకు ఆ కోవలోవే.

ఇది మాత్రం నా కళ్ళముందు జరిగింది. నా పక్కన ఇంకొకరు కూడా చూశారు.

హైదరాబాద్ పాతబస్తీ గౌలిపురలో మా ఇల్లూ పెద్దనాన్న ఇల్లూ ఒకే గోడకు అటూ ఇటూ ఉంటాయి. పెద్దనాన్న కొడుకు శ్రీశైలం, గల్లీ మొత్తానికి శైలన్న. తాతల నాటి పాల వ్యాపారం, కొట్టంలో బర్రెలు. కానీ అతన్ని అందరూ ఎరిగింది తాలీంలో, అంటే కుస్తీ బడిలో, నేర్పే ఉస్తాద్‌గా. మా తాలీం పెద్దదేమీ కాదు. రేకుల కప్పు, ఎర్రమట్టి గోదా, గోడకు ఆంజనేయస్వామి పటం.

చిన్నప్పుడు నాకూ నేర్పాడు. ఏ పట్టయినా మూడు విడతలు. మొదట మెల్లగా, తర్వాత సగం బలంతో, ఆ తర్వాత పూర్తిగా. పాఠం అయిపోయాక కుడి అరచేత్తో నా ఎడమ భుజం మీద రెండుసార్లు చరిచి "బస్, పో" అనేవాడు. అలా చరిచేదాకా గోదాలోంచి బయటికి రాకూడదు. నేను బక్కపల్చటివాణ్ణి, పైగా చదువు పిచ్చి. ఇంజనీరింగ్ కోసం హాస్టల్‌కు వెళ్ళడంతో నా కుస్తీ ముగిసింది.

తాలీంలో ఒక ఆచారం ఉంది. ఉస్తాద్ శిష్యుడికి అన్నీ నేర్పుతాడు, ఒక పట్టు మాత్రం తన దగ్గరే ఉంచుకుంటాడు. దాన్ని ఆఖరి పట్టు అంటారు. అది చెప్పిన రోజు ఉస్తాద్ గోదాలోంచి బయటికొచ్చి ఒంటి మట్టి కడుక్కుంటాడు. మళ్ళీ దిగడు. అందుకే ఏ శిష్యుడూ నోరు తెరిచి ఆఖరి పట్టు చెప్పమని అడగడు. అడిగితే ఉస్తాద్‌ను ఇక చాలు, పొమ్మన్నట్టు.

నేను హాస్టల్‌లో ఉన్నప్పుడే శైలన్న కుడి మోకాలు దెబ్బతింది. పోటీలు మానేసి, గోదా గట్టు మీద కూర్చొనే పిల్లలకు నేర్పేవాడు. నాకు ఉద్యోగం వచ్చాక, చేతిలో పట్టుకుని ఆడే వీడియోగేమ్ యంత్రం ఒకటి కొన్నాను. సాయంత్రం పాలు పితకడం అయ్యాక కొట్టం బయట ఇద్దరం ఆడేవాళ్ళం. కొన్నాళ్ళకు అది అతని దగ్గరే ఉండిపోయింది.

అందులో ఒక గేమ్ అతనికి ప్రాణం. అడవులు, కోటలు, రాక్షసులు. మన వీరుడి వెంట కొందరు సహచరులు తిరుగుతారు. విడిదిలో మంట దగ్గర కూర్చున్నప్పుడు వాళ్ళను అడిగితే ఒక్కొక్కరు ఒక్కో యుద్ధవిద్య నేర్పుతారు. ఒక అమ్మాయి విల్లు, ఒక సైనికుడు డాలు, తెల్లగడ్డం ముసలాయన ఒట్టి చేతులతో మల్లయుద్ధం. తెర మీది ఇంగ్లిష్ నేను చదివి చెప్పేవాణ్ణి.

"గా పిల్ల బాణాలు మనకెందుకురా?" అనేవాడు శైలన్న. "రాక్షసున్ని దగ్గరికి రానీ. మెడ మీద చెయ్యేస్త."

"అన్నా, వానికి మూడు మెడలున్నయి."

"అయితే మూడుసార్లు ఏస్త. నీకేం ఫికర్?"

ముసలాయన దగ్గర ప్రతి పాఠానికీ ముందు తెరను వేలితో తాకి కళ్ళకద్దుకునేవాడు. నేను నవ్వితే తల మీద ఒకటి పడేది. అలా ముసలాయన విద్యలన్నీ నేర్చేసుకున్నాడు, ఒకటి తప్ప. అడిగే మాటల్లో అట్టడుగున అది ఒక్కటే మిగిలి ఉండేది: నీ చివరి విద్య నేర్పు.

దాన్ని నొక్కనివ్వలేదు.

"ఆఖరిది అడుగొద్దు. అడిగితే ముసలాయన పోతడు."

"ఎటు పోతడన్నా? ఇది గేమ్. నేర్పినంక కూడ మనెంటనే ఉంటడు. పోయేటట్టు కోడ్‌ల రాసిలేదు."

"నీ కోడ్‌కు తాలీం గురించి ఏం ఎర్కరా," అన్నాడు.

ఆ విద్య లేకపోవడం వల్ల ఒక రాక్షసుడి చేతిలో ఓడిపోతూనే ఉన్నాం. శైలన్నకు అదేం బాధగా అనిపించలేదు.

పోయిన వానాకాలం, పొద్దున పాల క్యాన్లతో వెళ్తుంటే అతని బండి జారింది. తలకు దెబ్బ. ఆసుపత్రిలో ఐసీయూ, శ్వాసకు మిషన్. స్పృహ లేదు. డాక్టర్లు ఆశ వదులుకోమనలేదు, పెట్టుకోమనీ అనలేదు. బయట బెంచీ మీద నేనూ సుజాత వదినా కూర్చునేవాళ్ళం. నేను పనికొచ్చే పనులన్నీ చేస్తుండేవాణ్ణి. మందులు తేవడం, రిపోర్టులు వరుసలో పెట్టడం, డాక్టరు మాటలు వదినకు విడమరిచి చెప్పడం. పనికొచ్చేవి అయిపోయాక చేతులు ఖాళీగా ఉండేవి.

ఒక మధ్యాహ్నం వదిన సంచిలోంచి ఆ గేమ్ యంత్రం తీసింది.

"కిరణ్, జర ఇది ఆడు. నేను జూస్త. మీ అన్న పక్కన కూసున్నట్టుంటది."

తెరిచాను, విడిదిలో మంట దగ్గరే ఆట ఆగి ఉంది. నేను ఆట మొదలుపెట్టకముందే వదిన నా మణికట్టు పట్టుకుంది.

"గా ముసలోని ఆఖరి పాఠం మాత్రం నొక్కకు నాయనా. నీకు దండం పెడ్త."

కుస్తీ ఇంటి కోడలు. ఆచారం ఆమెకూ తెలుసు. నాకు నమ్మకం లేదు, అయినా మాటిచ్చాను. మాటివ్వడమే కాదు, జాగ్రత్త కూడా పడ్డాను. ఆ ముసలాయనతో మాట కలిపే బటన్ మీద వేలే పెట్టలేదు. యంత్రాన్ని ఒళ్ళో పెట్టుకుని, రెండు చేతులూ పక్కన ఆనించి, మంటను చూస్తూ కూర్చున్నాను.

ఇప్పుడు చెప్పేది ఏ వరసలో జరిగిందో ఆ వరసలోనే రాస్తున్నాను.

ముసలాయన లేచాడు. ఆ గేమ్‌లో మనం అడగనిదే సహచరులు కూర్చున్న చోటు నుంచి లేవరు. లేచి మా వీరుడి ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. కుడికాలు వంచలేదు. బరువంతా ఎడమకాలి మీద వేసి, ఎడమచెయ్యి వీరుడి మెడ వెనక వేసి, ఒంటిని పక్కకు తిప్పుతూ, కుడి తుంటితో తోసి పడేశాడు. మెల్లగా. మళ్ళీ లేపి సగం బలంతో. మళ్ళీ లేపి పూర్తిగా.

ఆపై కుడి అరచేత్తో వీరుడి ఎడమ భుజం మీద రెండుసార్లు చరిచాడు. వెనక్కి తిరిగి, కుడికాలు ఈడుస్తూ, మంట వెలుగు దాటి చీకట్లోకి వెళ్ళిపోయాడు.

నేను వదిన వైపు తిరిగాను. వదినే అంది.

"గట్ల మీ అన్న కదా కొడ్తడు."

అంటూనే లేచి ఐసీయూ తలుపు వైపు ఉరికింది. నేనూ వెనకే. అద్దంలోంచి చూస్తే శైలన్న ఎలా ఉన్నవాడు అలాగే ఉన్నాడు. మిషన్ మీద అంకెలు పొద్దున ఉన్నట్టే ఉన్నాయి. నర్సు వదిన అవస్థ చూసి, ఏం కాలేదమ్మా, ఇందాక వేళ్ళు కదిలించాడు, మంచిదే అంది.

వదిన నవ్వింది, ఆ నవ్వులోనే ఏడ్చింది. నాకు సిగ్గేసింది. ఒక గేమ్‌లో ఎక్కడో తప్పు దొర్లినందుకు ఐసీయూ తలుపు దాకా పరిగెత్తాను, అదీ తప్పులు పట్టే ఉద్యోగం చేస్తూ.

"నడువు, చాయ్ తాగుదం," అంది వదిన. అన్ని రోజుల్లో ఆమె తనంతట తాను ఏదైనా తాగుతానన్నది అప్పుడే. గేటు బయట హోటల్లో చాయ్ తాగి, చెరొక బిస్కెట్ తిన్నాం. బర్రెల మాట, పిల్లల బడి మాట మాట్లాడింది. ఇంటికొచ్చాక మెట్లెక్కడం ఎట్లా, కింది గదిలోనే మంచం వేయిద్దామంది.

తిరిగొచ్చేసరికి అతని మంచం చుట్టూ తెర లాగి ఉంది.

కర్మకాండలు అయ్యేదాకా నేను ఆటలో చూసినదాని గురించి ఆలోచించలేదు. తర్వాత నాకొచ్చిన పద్ధతిలో ఆలోచించాను. అదే గేమ్ ఆడే నా తోటి ఉద్యోగి ఫయాజ్‌ను అడిగి, అతని దాంట్లో ముసలాయన చివరి విద్య చూశాను. భుజాల మీదుగా ఎత్తి విసిరే పెద్ద దెబ్బ, చుట్టూ మెరుపులు. నేను చూసినదానికీ దానికీ పోలికే లేదు. నేర్పాక ముసలాయన మళ్ళీ మంట దగ్గరే కూర్చున్నాడు.

"కహీ నహీ జాతా భాయ్, ఎటు పోడు," అన్నాడు ఫయాజ్. "ఆట అయిపోయేదాకా మనల్ని వదలడు. నేనే వదిలించుకుందామని చూసిన, పోలే."

శైలన్న ఆటలో ముసలాయన చోటు ఖాళీగా ఉంది. చివరి విద్య నేర్చుకున్నట్టు గుర్తు పడి ఉంది. ఈ రెండూ ఫయాజ్ తన కళ్ళతో చూశాడు. ఏదో పాడైన ఫైల్ అయి ఉంటుందన్నాడు. నేనూ అదే రాసి మూసేద్దామనుకున్నాను.

ఉస్తాద్ పోతే మా తాలీంలో గోదా మూసేస్తారు. కొన్నాళ్ళకు మట్టి తవ్వి తిరగేసి, నూనె, పసుపు కలిపి మళ్ళీ తెరుస్తారు. ఆ రోజు పోయినవాడి శిష్యులు ఒక్కొక్కరూ దిగి, అతను నేర్పిన ఒక పట్టు పెద్ద ఉస్తాద్ మీద వేసి చూపాలి. పెద్ద ఉస్తాద్ అంటే నర్సింగ్, శైలన్నకు నేర్పినాయన. బాగా పెద్దవాడు. పట్టు పడితే చాలు, ఎవరూ ఆయన్ని పడెయ్యరు.

నా వంతు వచ్చింది. ఏళ్ళుగా మట్టి తొక్కలేదు.

"రా ఇంజనీరూ," అన్నాడు నర్సింగ్ ఉస్తాద్. "కంపూటర్‌కు మెడ ఉంటదా, లేదా?"

గట్టు మీద పిల్లలు నవ్వారు. అన్నిటికన్నా సులువైన చేతిపట్టు వేద్దామనుకుని దిగాను. అంతవరకే నేను అనుకున్నది. నా ఎడమచెయ్యి ఆయన మెడ వెనక పడింది. బరువు ఎడమకాలి మీదికి పోయింది. నా కుడి మోకాలికి ఏ దెబ్బా లేదు, అయినా అది వంగలేదు. పెద్దాయన కిందపడబోతుంటే నేనే గబుక్కున పట్టుకున్నాను.

నవ్వులు ఆగిపోయాయి. ఆయన నా చెయ్యి వదల్లేదు.

"గిది నీకెవరు జెప్పిన్రు?"

నేను ఆయన్ని సరిగా నిలబెట్టాను.

"ఇది నేను నేర్పింది గాదు. మోకాలు పోయినంక వాడే కట్టుకున్నడు. ఒక్కసారి నా మీదేసి జూపిచ్చిండు, తలుపులేసి. ఇంకెవ్వనికి జెప్పలేదు, జెప్పనని నాకు మాటిచ్చిండు." నా కుడి మోకాలి వైపు చూశాడు. "ఎప్పుడు జెప్పిండు నీకు?"

"దవాఖానల," అన్నాను.

ఆయన నా చెయ్యి వదిలాడు. గట్టెక్కి, కాళ్ళ మట్టి కడుక్కున్నాడు.

కారణాలు వెతికాను. చిన్నప్పుడెప్పుడో అది చూసి మరిచిపోయాననుకుందామా అంటే, నేను తాలీంలో ఉన్నన్నాళ్ళూ అతని మోకాలు బాగానే ఉంది. దుఃఖంలో లేనిది ఊహించుకున్నాననుకుందామా అంటే, వదిన కూడా చూసింది. ఆమెను మళ్ళీ ఎప్పుడూ అడగలేదు, ఆమె కూడా ఆ మాట ఎత్తలేదు. కాకతాళీయం అనుకుందామా అంటే, ఆ పట్టు నా ఒంట్లో ఉంది. ఇప్పుడు కూడా వెయ్యగలను.

తాలీం పిల్లలు అడుగుతున్నారు, అన్నా అది మాకు నేర్పు అని. ఆచారం తెలిసి తెలిసీ అడుగుతారు, పిల్లలు కదా. వేరేవి నేర్పుతున్నాను, ఆదివారం ఆదివారం. అది మాత్రం నేర్పలేదు.

ఆ యంత్రం నా అలమారలో ఉంది. మళ్ళీ రప్పించగలవా అన్నది నా వృత్తిలో మొదటి ప్రశ్న అన్నాను కదా. ఈ ఒక్కదాన్ని మళ్ళీ రప్పించే ప్రయత్నం నేను చెయ్యలేదు. తెరిచి చూడను. కానీ బ్యాటరీ అడుగంటుతుందనిపించినప్పుడల్లా తీసి ఛార్జింగ్ పెడతాను. ఎందుకని వదిన అడిగితే, పాడవుతుందని చెప్పాను. అసలు కారణం నాకూ తెలియదు.