మూడో రాయి కింద ఉప్పు

ఇది జరిగిన రోజుల్లో నాకు అక్షరం రాదు. చెబితే రాసిపెడతామన్నారు కొందరు. ఇంకొకరి చేతిలో పడితే మా అక్కను దయ్యాన్ని చేస్తారని అనుమానం. ఒప్పుకోలేదు. గత ఏడాది చర్చిలో ఆడవాళ్ళకు చదువు చెబుతుంటే వెళ్ళి కూర్చున్నాను. ఇప్పుడు నేనే రాస్తున్నాను. దయ్యాలను నేనెప్పుడూ నమ్మలేదు. ఇప్పటికీ నమ్మను.

మాది అచ్చంపేట దగ్గర పల్లె. మా అక్క రాహేలు, నా పెళ్ళికి ముందే, మిరపకోతలకని కూలీల ముఠాతో మాచర్ల అవతలకు వెళ్ళింది. ముఠా తిరిగొచ్చింది, అక్క రాలేదు. దారిలో దిగిపోయిందని ఒకరు, జ్వరమొచ్చి ఆగిపోయిందని ఒకరు అన్నారు. శవాన్ని చూసినవాళ్ళు మాత్రం లేరు.

చానాళ్ళ తర్వాత మా తమ్ముడు దానియేలు అమ్మ సమాధికి కొత్త రాయి వేయిస్తూ, దాని మీద అక్క పేరు కూడా చెక్కించి జ్ఞాపకార్థ కూటం పెడదామని ఫోన్ చేశాడు. పేరు చెక్కితే ఇక అక్క చనిపోయినట్టే. మర్నాటికల్లా అవునో కాదో చెప్పమన్నాడు. అంత తొందర ఎందుకో నాకు అర్థం కాలేదు.

ఆ మధ్యాహ్నం సత్తెనపల్లిలో మా అత్తారింట్లో, పక్కింటి కాశింబీతో కలిసి టీవీ చూస్తున్నాను. ఏదో పరాయి దేశపు సీరియల్, మాటలు తెలుగులో పెట్టారు. యుద్ధం అయిపోయాక ఇళ్ళు పోగొట్టుకున్నవాళ్ళంతా ఒక క్యాంపులో, రేకుల షెడ్లలో ఉంటారు. మేం రోజూ చూసేదే.

ఆ రోజు మాట్లాడుకునేవాళ్ళ వెనకగా ఒక ఆడమనిషి కనిపించింది. పొడుగు గౌను, తలకు గుడ్డ. మాకు వీపు పెట్టి పొయ్యిరాళ్ళు పేరుస్తోంది. మూడో రాయి ఎత్తి, దాని కింద చిటికెడు ఉప్పు పెట్టింది.

కొత్త చోట పొయ్యి పెట్టినప్పుడల్లా మా అమ్మ చేసే పని అది. ఉప్పు పెట్టి, పైటకొంగుతో రాయి తుడిచేది. మా ఊళ్ళో ఇంకెవరూ చేయరు. మా అక్కచెల్లెళ్ళిద్దరికే నేర్పింది.

టీవీలో ఆమె చేయి ఎడమ భుజం మీదికి పోయింది. అక్కడ తడుముకుంది. ఏమీ దొరక్క, గౌను అంచుతో రాయి తుడిచింది.

నేనింకా ఏమీ అనకముందే కాశింబీయే అంది: "ఏందక్కా, ఆ దొరసాని భుజం తడుముకుంటంది? పైట మర్చిపోయొచ్చిందా ఏంది?"

సాయంత్రం కాశింబీ కూతురు ఫోనులో అదే భాగం పెట్టింది. అదే క్యాంపు, అవే మాటలు. వెనక ఇనప పొయ్యి ఉంది. రాళ్ళు లేవు, ఆమె లేదు. ముందుకూ వెనక్కూ తిప్పించి చూశాం. ఉప్పు పెట్టడం చూశావా అని కాశింబీని అడిగాను. చూశానంది. నేను అడిగాను కాబట్టి అంటోందేమోనని ఆమెనూ అనుమానించాను. కానీ భుజం సంగతి ముందు అన్నది ఆమే.

తమ్ముడికి ఫోన్ చేసి చూసింది చెప్పాను.

"భూమ్మీద దొరకంది టీవీలో దొరికిందా అక్కా నీకు? చానా బాగుంది."

అమ్మ పొయ్యిరాయి కింద ఏం పెట్టేదిరా అని అడిగాను. "నాకేం తెలుసు? బూడిదా?" అన్నాడు. వాడికి నిజంగానే తెలియదు. మరి ఆ సీరియల్ వాళ్ళకు ఎవరు చెప్పారు?

అది అక్కేనా, కాదా? ఉన్నానని చెప్పిందా, పోయానని చెప్పిందా? ఇప్పటికీ నాకు తెలియదు.

మర్నాడు పొద్దున్నే మొదటి బస్సుకు అచ్చంపేట వెళ్ళి, అక్కణ్ణుంచి మా పల్లెలో అమ్మ సమాధి దగ్గరికి పోయాను. నా జవాబు కోసం ఆగకుండానే తమ్ముడు మేస్త్రికి పని చెప్పేశాడు. చెక్కడానికి సిద్ధంగా కొత్త రాయి మీద అమ్మ పేరు కింద సుద్దతో అక్క పేరు రాసి ఉంది. అందులో ఏది అక్క పేరో మేస్త్రిని అడిగి చూపించుకుని, చెంబుతో నీళ్ళు పోసి కడిగేశాను.