పల్లి చేన్లో పెట్టిన కెమెరా

నాకు ఓపిక తక్కువ. మా అత్తమ్మకు అసలే లేదు. అందుకే ఆమె మోకాలి మాట ఎత్తితే రెండో నిమిషానికే గొడవయ్యేది. వానాకాలంలో పొలం గట్టు మీద జారిపడింది. వాపు తగ్గిందని తనే తేల్చేసింది.

"హన్మకొండకు రా అత్తమ్మా, ఒక్కరోజు దవాఖానల చూపెట్టుకొని పోదువు" అంటే, "నేనొస్తే పల్లి చేను ఎవలు కాస్తరు? కోతులు కాస్తయా?" అని ఎదురు తిరిగేది. కాజీపేటలో రైల్వే డ్యూటీ చేసే మా ఆయన కూడా, "అమ్మకేం గాలె, మంచిగనే నడుస్తాంది" అనేవాడు. నిజమే, మేం వెళ్లినప్పుడు మంచిగానే నడిచేది. నాకే ఎక్కడో అనుమానం.

సరే, ఆ కోతుల సాకు లేకుండా చేస్తే ఎలా రాదో చూద్దామని పంతం పట్టాను. నేను హసన్‌పర్తి దగ్గర ఇంజనీరింగ్ కాలేజీలో కంప్యూటర్లు చెబుతాను. ఫొటోలో ఏ వస్తువు ఎక్కడుందో కంప్యూటర్‌కు నేర్పాలంటే ముందు మనమే వేల ఫొటోల్లో దాని చుట్టూ గడి గీసి, పేరు రాసి చూపించాలి. ఆ తర్వాత కొత్త ఫొటోలో అదే గడి గీసి పేరు చెబుతుంది. నాకు కావలసినవి రెండే పేర్లు: కోతి, మనిషి. కోతులకు మా హాస్టల్ మేడ మీద కరువు లేదు. మనుషుల కోసం నా స్టూడెంట్లనే నిలబెట్టి, నడిపించి ఫొటోలు తీశాను.

అలా నేర్చుకున్న ప్రోగ్రామ్, అంటే మోడల్, కుదిరాక రఘునాథపల్లి దాటి లోపలికి ఉన్న మా ఊరికి తీసుకెళ్లి, చేన్లో ఒక గుంజకు కెమెరా, చిన్న కంప్యూటర్, సోలార్ పలక, స్పీకరు బిగించాను. కోతి కనబడితే కుక్కల అరుపులు, పటాకుల మోత. ఆ ఫొటో నా ఫోన్‌కు వస్తుంది. మనిషి కనబడితే నోరు మూసుకుంటుంది. రెండు రోజులు కోతులు అటు తొంగి చూడలేదు. నా గొప్పకు అంతు లేదు.

మూడో రోజు క్లాసులో ఉండగా ఫోను ఒకటే మోగడం. తెరిచి చూస్తే పచ్చటి చేను, ఎర్రటి గడి, మీద "కోతి" అని పేరు. గడిలో ఉన్నది మా అత్తమ్మ! కాలం చేసిన మామయ్య పాత చొక్కా చీర మీద తొడుక్కుని, తలకు తువ్వాల చుట్టుకుని కలుపు తీస్తోంది. పిల్లల ముందే పగలబడి నవ్వాను.

వెంటనే ఆమె ఫోను. "ఏమే, కోడలు అత్తను కోతిని జేసిందని ఊరంత నవ్వుతాండ్రు! పీకి అవతల పారేస్త దీన్ని!"

"తప్పు నాదే అత్తమ్మా. అది నిలబడ్డోళ్లనే చూసింది. వంగి పనిచేసేటోళ్లను ఇప్పుడు నేర్పిస్త."

"నేను మనిషినని దానికి చదువు చెప్పాల్నా? చెప్పు, చెప్పు!"

బతిమాలి, మోత ఆపేసి, వారం రోజులు కెమెరాతో ఉత్తగా ఫొటోలు మాత్రం తీయించాను. శనివారం ఇంట్లో కూర్చుని ఒక్కో ఫొటో తెరిచి గడులు గీయడం మొదలుపెట్టాను. ఇరవై ముప్పై దాటాక నా చెయ్యి ఆగింది. ఆమె వంగి లేదు. గొంతుక్కూర్చునీ లేదు. రెండు చేతులూ నేలకు ఆనించి, ఒక కాలు వెనక ఈడ్చుకుంటూ పాకుతోంది. మొక్కల సాలు ఈ చివర నుంచి ఆ చివర దాకా అంతే. ఒక ఫొటోలో సాళ్ల మధ్య కూలబడి మోకాలిని రెండు చేతులతో పట్టుకుని ఉంది. గంట తర్వాత తీసిన ఫొటోలోనూ అక్కడే ఉంది. ఆ తర్వాతి దాంట్లో గట్టు మీద ఎవరో వస్తున్నారు. అత్తమ్మ నిటారుగా నిలబడి నవ్వుతోంది.

మోడల్ తను చూసింది చెప్పింది. నేను చూసి నవ్వాను. ఛీ, నా బతుకు అనిపించింది. ఏడుపు ఆపుకుంటూ ప్రతి ఫొటోలో ఆమె చుట్టూ గడి గీసి "మనిషి" అని రాశాను. తెల్లారి కొత్త మోడల్ పట్టుకుని ఊరికి పోయాను.

దాన్ని ఎక్కించాక, చేన్లోనే ఆమె పక్కన కూర్చుని ఒక ఫొటో చూపించాను. చాలాసేపు చూసింది.

"గిది ఎవలన్న చూసిండ్రా?"

"లేదు. నేనొక్కదాన్నే."

"మా వానికి చెప్పినవా?"

"చెప్పలె అత్తమ్మా."

ఫోన్‌ను ఒళ్లో బోర్లా పెట్టుకుంది. "మీరొస్తాండ్రంటే నొప్పి గోలీ ఏస్కొని నిలవడేదాన్ని బిడ్డా. చేన్ల ఎవ్వలు చూస్తలేరనుకున్న."

అంతలో గట్టున కోతులు దిగినట్టున్నాయి, స్పీకరు మొరగడం మొదలుపెట్టింది. ఆమె అటు తల తిప్పలేదు.

"ఆటో పిలువు" అంది.

లేవమని చెయ్యి అందించాను. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆమె నా చెయ్యి పట్టుకోవడం అదే మొదటిసారి. బరువంతా నా మీదే వేసి లేచింది.